మా వీధి పి.పి. నంబరు

పోయిన వారం మధ్యాహ్నం అన్నాలయ్యాక కాస్త నడుం వాల్చానో లేదో ఫోన్ మోగింది. అవతల ఎవరో అబ్బాయి. ఫైబర్ కనెక్షన్ల కంపెనీ నుంచట. "మేడమ్, మీ ఇంట్లో నెట్ స్పీడు ఇప్పుడున్నదానికి రెట్టింపు చేస్తాం. ఇక మీరు దేనికీ వెయిట్ చెయ్యాల్సిన పనే ఉండదు" అన్నాడు. అతను ఎంత మర్యాదగా చెప్పాడో నేను అంత అమర్యాదగా విరుచుకుపడ్డాను. "నిన్నెవరయ్యా అడిగింది స్పీడు? వెయిట్ చేస్తే మా కొంపేమన్నా మునిగిందని చెప్పామా?" అని మొదలుపెట్టి ఇంకా చాలా అన్నాను. మా ఆయన పక్కగదిలోంచి పరుగున వచ్చి, ఫోన్ లాక్కుని, ఆ అబ్బాయికి క్షమాపణ చెప్పుకున్నారు. నెట్ స్పీడు మాటెత్తితే నాకు ఒళ్లు మండుతుందని మా ఇంట్లో అందరికీ తెలుసు. ఎందుకో మాత్రం తెలీదు. చాదస్తమని పిల్లల అభిప్రాయం. నలభై ఆరేళ్లకే చాదస్తమేమిటి, నా మొహం! అది చాదస్తం కాదు, కోపం. ఇరవై ఏళ్లు దాటినా ఆరలేదు. అందులో సగం నామీదే కాబట్టి ఇంకొకళ్లమీద తీర్చుకుందామన్నా తీరదు.

మాది చిలకలూరిపేట. హైవే నుంచి రెండు వీధులు లోపలికి. మా తాత భుజాన విల్లు వేసుకుని ఊరూరా తిరిగి దూది ఏకి పరుపులు కుట్టేవాడు. మా నాన్న కాలానికి విల్లు అటకెక్కింది, ఇంటి ముందు రేకుల షెడ్డులో మిషను వచ్చింది. అది తిరుగుతున్నంతసేపూ ఒకరి మాట ఒకరికి వినపడేది కాదు. పప్పులో దూది, జడలో దూది, పరీక్షకి వెళ్తే హాల్ టికెట్టు మీద దూది. మా ఊళ్లో జిన్నింగ్ మిల్లులు ఎక్కువ కాబట్టి ఎవరూ వింతగా చూసేవాళ్లు కాదు. పరుపుల ఆర్డర్ల కోసం నాన్న టెలిఫోనుకి దరఖాస్తు పెట్టారు. పెట్టిన సంగతి మేమంతా మర్చిపోయాక, నేను డిగ్రీలో ఉండగా వచ్చింది. ఎర్ర ఫోను. అమ్మ దానికి అల్లిక గుడ్డ కప్పి, కొత్తకోడలిని కూర్చోబెట్టినట్టు ముందుగదిలో స్టూలు మీద కూర్చోబెట్టింది.

ఆ ఫోను మాదని మేము అనుకున్నది సరిగ్గా వారం. తర్వాత అది వీధిది. ఈ కాలం పిల్లలకి పి.పి. నంబరంటే ఏమిటో చెప్పాలి. సొంత ఫోను లేనివాళ్లు దగ్గర్లో ఉన్నవాళ్ల నంబరు ఇచ్చి, పక్కన పి.పి. అని రాసేవాళ్లు. మా నంబరు పెళ్లి శుభలేఖల మీద ఉండేది, ఉద్యోగాల దరఖాస్తుల్లో ఉండేది, ఒకసారి లారీ వెనకాల కూడా చూశాను. ఫోను చేసినవాళ్లు "ఫలానా వాళ్లని పిలవండి, పది నిమిషాల్లో మళ్లీ చేస్తాం" అని పెట్టేసేవాళ్లు. నేను చెప్పులు కూడా వేసుకోకుండా వెళ్లి పిలుచుకొచ్చేదాన్ని. వచ్చినవాళ్లు కొంగు సర్దుకుని, ఫోనుకి ఎదురుగా నిలబడి, అవతలి మనిషి కనపడుతున్నట్టే తలాడిస్తూ మాట్లాడేవాళ్లు. మూలింటి కుర్రాడికి పెళ్లి కుదిరాక కాబోయే పెళ్లాం ఫోను చేస్తే, మేమంతా మర్యాదగా గోడవైపు తిరిగి కూర్చుని ఒక్క ముక్క పోకుండా విన్నాం. నాన్న ఎవరినీ ఎప్పుడూ విసుక్కోలేదు. "నలుగురు మన గడప తొక్కుతున్నారంటే అదే బరకత్, అల్లా దీవెన" అనేవారు.

ఎవరికి ఎప్పుడు ఫోను రావాలో మర్చిపోకుండా ఫోను పక్కన మేకుకి ఒక పలక వేలాడదీశాం. రావలసిన కబుర్లన్నీ నేనే సుద్దతో రాసేదాన్ని. ఫోను వచ్చి వెళ్లాక తడివేలితో చెరిపేసేదాన్ని. ఆ పలక నా చేతి రాతలో వీధి మొత్తానికి జాతకం లాంటిది.

ఎదురింట్లో అక్క ఉండేది. అక్క అంటే చుట్టరికం కాదు, వాళ్లు చర్చికి వెళ్లేవాళ్లు, మేం మసీదుకి. ఆమె మా నాన్నని బాబాయ్ అనేది, నేను వాళ్లమ్మని పెద్దమ్మా అనేదాన్ని. పెద్దమ్మ మిరపకాయల గోడౌనులో తొడిమలు తీసే పనికి వెళ్లేది. పొద్దున్నుంచి సాయంత్రం దాకా నేలమీద కూర్చుని కాయ కాయకీ తొడిమ తుంచడం. ఇంటికొచ్చాక మజ్జిగలో చేతులు ముంచుకుని కూర్చునేది. ఆ చేతులతోనే అక్కని టీచర్ ట్రైనింగ్ దాకా చదివించింది. సెలవుల్లో అక్క కూడా గోడౌనుకి వెళ్లేది, కానీ చేతులకి గుడ్డపేలికలు చుట్టుకుని. "రేపు బళ్లో చాక్‌పీసు పట్టుకోవాల్సిన చేతులు" అని పెద్దమ్మ దెబ్బలాడి చుట్టించేది. పర్చూరు దాటాక ఒక పల్లెలో మిషన్ బడి ఉంది. అక్కడ చిన్న తరగతులకి టీచరు కావాలంటే అక్క ఇంటర్వ్యూకి వెళ్లొచ్చింది. "గురువారం పదిన్నర, పన్నెండు మధ్యలో ఫోను చేసి చెబుతారంట. సోమవారం చేరాలంట" అని చెప్పింది. నేను పలకమీద రాశాను. మిగతావన్నీ చెరిపి, పెద్ద అక్షరాలతో అదొక్కటే రాశాను. అంత శ్రద్ధ చూపించినదాన్ని నేనే.

ఇక ఆ దరిద్రం సంగతి. అప్పటికి మా అన్న ఎక్కడెక్కడి భాగాలో తెచ్చి ఒక కంప్యూటర్ బిగించుకున్నాడు. మిల్లుల వాళ్లకి దూది బేళ్ల మీద వేసే మార్కులు, లేబుళ్లు డిజైన్ చేసి ఇచ్చేవాడు. నేను ఇన్‌స్టిట్యూట్‌లో ఆరు నెలలు నేర్చుకుని వాడికంటే నాకే ఎక్కువ వచ్చని తిరిగేదాన్ని. రెండువేల సంవత్సరం దాటిన కొత్తలో మోడెం తెచ్చాడు. ఇంట్లో టెలిఫోను సాకెట్ ఒక్కటే. నెట్ కావాలంటే ఫోను వైరు పీకి మోడెంకి పెట్టాలి. అది నంబరు తిప్పుకుని, గరగరమని, కీచుమని, పిల్లి పీక పిసికినట్టు అరిచి, ఆ తర్వాత చల్లబడేది. చల్లబడిందంటే నెట్ వచ్చినట్టు. వచ్చాక మాత్రం? ఒక బొమ్మ తెరిస్తే ముందు జుట్టు వచ్చేది, టీ తాగొచ్చేసరికి నుదురు వచ్చేది, కళ్లు వచ్చేలోపు లైను తెగేది. మళ్లీ మొదటి నుంచి. మా నాన్న చూసి, "ఈ మనిషి నడిచొచ్చినా ఈపాటికి వచ్చేవాడు గదమ్మా" అన్నారు. ఆయన షరతు ఒక్కటే. నెట్ పెట్టేముందు పలక చూడాలి. ఎందుకంటే అది నడుస్తున్నంతసేపూ మా నంబరుకి ఎవరు చేసినా ఎంగేజే.

గురువారం పొద్దున తొమ్మిదికి పలక చూశాను. చూసే పెట్టాను. పదిన్నరకి గదా, గంటన్నర ఉందనుకున్నాను. నేను దించుకుంటున్నది ఏమిటో చెబితే మీరు నవ్వుతారు. నెట్ వేగాన్ని రెండింతలు చేసే ప్రోగ్రామట. ఇన్‌స్టిట్యూట్‌లో ఎవరో చెప్పారు. అరగంటలో దిగుతుందని తెరమీద చూపించింది. పది గంటలకి ఇంకో ఇరవై నిమిషాలంది. పదిన్నరకి తొంభై శాతం దగ్గర కూర్చుంది. ఇప్పుడు తెంపితే మళ్లీ సున్నా నుంచి రావాలి. అన్న లేబుళ్ల పనిమీద గుంటూరు వెళ్లాడు. నాన్న షెడ్డులో మిషను నడుపుతున్నారు. కిటికీలోంచి ఎదురింటి గుమ్మం కనపడుతోంది. అక్క ఇస్త్రీ చీర కట్టుకుని, మెట్టు మీద కూర్చుని, మా ఇంటివైపే చూస్తోంది.

అమ్మ వంటింట్లోంచి వచ్చింది. "ఏమే, ఆ పిల్లకి ఫోనొచ్చే టైమయింది గదా, వైరు పీకు."

"ఐదు నిమిషాలమ్మా."

ఆ ఐదు నిమిషాలు ఎన్నిసార్లు అన్నానో నాకే గుర్తులేదు. తొంభై రెండు, తొంభై మూడు. శాతం పెరిగిన ప్రతిసారీ వదలడం ఇంకా కష్టమైంది. తొంభై మూడు దాకా వచ్చినదాన్ని ఎలా వదులుతాం అనిపించింది. మెట్టుమీద కూర్చున్న మనిషి ఎన్నేళ్ల నుంచి ఎంత శాతం దాకా వచ్చి కూర్చుందో మాత్రం తట్టలేదు. తట్టలేదని కూడా అబద్ధమే. తట్టింది. కిటికీ రెక్క వేసేశాను.

పన్నెండుకి పది నిమిషాలుండగా దిగింది. వైరు తీసి ఫోనుకి పెట్టి, రిసీవర్ ఎత్తి రెండుసార్లు విన్నాను. బాగానే ఉంది. ఇంకా పది నిమిషాలుందిగా, వస్తుందిలే అనుకున్నాను. రాలేదు. ఆ ప్రోగ్రామ్ సంగతి కూడా చెప్పి పారేస్తాను. అది ఎక్కించాక నెట్ వేగం ఇసుమంత కూడా పెరగలేదు. కొత్తగా మూలన ఒక చిన్న రాకెట్టు బొమ్మ మాత్రం తిరిగేది.

పన్నెండున్నరకి అక్క వచ్చింది. నాన్న అప్పుడే మిషను ఆపి, ఒంటిమీద దూది దులుపుకుంటూ లోపలికి వస్తున్నారు.

"బాబాయ్, ఫోనేమన్నా వచ్చిందా?" అంది.

నాన్న నావైపు తిరిగారు. "వచ్చిందా అమ్మాయ్?"

"రాలేదు నాన్నా" అన్నాను.

చూడండి, అది అబద్ధం కాదు. ఫోను రాలేదన్నది అక్షరాలా నిజం. నాకు ఇప్పటికీ అరికాలి మంట నెత్తికెక్కేది అందుకే. అబద్ధమాడే ధైర్యం కూడా లేక, నిజాన్నే పట్టుకొచ్చి అబద్ధం పని చేయించాను. అక్క ఒక క్షణం పలకవైపు చూసింది. "పర్లేదులే బాబాయ్. వేరేవాళ్లకి ఇచ్చుంటారు. పొద్దున్నుంచీ మిమ్మల్ని ఇబ్బంది పెట్టాం" అంది. ఇబ్బంది పెట్టారట! ఆమె వెళ్లాక నేను తడివేలితో పలక చెరిపాను. సుద్ద గట్టిగా రాసినందువల్లో ఏమో రెండుసార్లు తుడిస్తే గానీ పోలేదు.

అమ్మకి అంతా తెలుసు. మధ్యాహ్నం నేను "చెప్పేస్తానమ్మా" అంటే, "ఇప్పుడు చెప్పి ఏం ఊడబొడుస్తావు? ఇవ్వాలనుకున్నోళ్లు మళ్లీ చేస్తార్లే. మీ నాన్నకి తెలిస్తే ఆ కంప్యూటర్ని తీసుకెళ్లి దూది మిషన్లో ఏస్తాడు, మీ అన్న ఉసురుమంటాడు" అంది. అమ్మ మాట విన్నానని ఎవరూ పొరబడొద్దు. నాకు కావలసిన మాట అమ్మ అంది కాబట్టి విన్నాను. శుక్రవారం పొద్దంతా ఫోను పక్కనే కూర్చున్నాను. ఎవరో రెండు సింగిల్ పరుపులకి చేశారు. అంతే.

ఆ పై వారం నుంచి అక్క పెద్దమ్మతో పాటు గోడౌనుకి వెళ్లడం మొదలుపెట్టింది. అది మిరపకాయల కాలం. సాయంత్రం ఆటోలోంచి ఆడవాళ్లు దిగుతుంటే వాళ్ల చీరల ఘాటుకి వీధి మొత్తం తుమ్మేది. కొన్నాళ్లకి అక్క చేతులకి పేలికలు చుట్టుకోవడం మానేసింది. పేలికలుంటే పని సాగదట. నాకు అందరిమీదా కోపం వచ్చేది. మళ్లీ మళ్లీ చేసి చూడని ఆ బడి వాళ్లమీద, ఒక కార్డుముక్క రాసి పడెయ్యడానికి ఏం రోగమని. ఇంటికో సాకెట్ చాలనుకున్న టెలిఫోను వాళ్లమీద. అమ్మమీద. చివరికి, ఏమీ అడగకుండా ఎప్పటిలాగే "ఏమ్మా, తిన్నావా?" అనే అక్కమీద కూడా. ఆమె నన్ను తిట్టి ఉంటే నేను బతికిపోయేదాన్ని.

ఆ తర్వాత నెట్ పెరిగిన కథ అందరికీ తెలిసిందే. కొత్త మోడెం వచ్చింది, బొమ్మ జుట్టు నుంచి గడ్డం దాకా ఒకే కప్పు టీలో రావడం మొదలైంది. నాన్న మోకాళ్ల నొప్పులతో పరుపుల పని తగ్గించాక, అన్న ఆ రేకుల షెడ్డునే నెట్ సెంటర్ చేశాడు. ప్లైవుడ్ గదులు నాలుగు, తెరలు, ఒక టేబుల్ ఫ్యాను. దూది మిషను ఉన్నచోట నా కుర్చీ. ఫలితాలు వచ్చిన రోజున వీధి చివరిదాకా పిల్లలు నిలబడేవాళ్లు. ఒక్కో నంబరు కొట్టి, పేజీ తెరుచుకునేదాకా ఆ పిల్ల మొహం, నా మొహం ఒకేలా పాలిపోయేవి. ఈలోపు మనుషుల చేతుల్లోకి సెల్లులొచ్చాయి. పి.పి. నంబరు ఎప్పుడు చచ్చిపోయిందో ఎవరూ గమనించలేదు. ఒకరోజు చూస్తే పలక మేకుకి లేదు. అమ్మ దాన్ని బియ్యం డబ్బా మీద మూతగా వాడుతోంది.

బ్రాడ్‌బ్యాండ్ వచ్చిన రోజు నాకు బాగా గుర్తు. లైన్‌మన్ ఒక చిన్న తెల్ల పెట్టె తెచ్చి గోడకి బిగించాడు. అగ్గిపెట్టెకంటే కాస్త పెద్దది. ఒకవైపు లైను వచ్చింది, రెండోవైపు రెండు వైర్లు బయటికెళ్లాయి. "ఇకమీదట నెట్ నడుస్తానే ఉంటదమ్మా, ఫోనూ మోగిద్ది. దేని దారి దానిదే" అన్నాడు. నేను ఆ పెట్టెని వేలితో తట్టి చూశాను. తర్వాత అతనిమీద అరిచాను. "ఇంతేనా? ఈ అగ్గిపెట్టె ముక్కకా ఇన్నేళ్లు? ఇదేదో ఆరేళ్ల ముందే తగలేసుంటే మీ సొమ్మేం పోయేది?" అన్నాను. పాపం అతను స్క్రూడ్రైవర్ పట్టుకుని, "ఆరేళ్ల ముందు ఇది లేదు గదమ్మా" అన్నాడు. అన్న నన్ను లోపలికి పొమ్మన్నాడు.

సరిగ్గా ఆ వారమే అక్క నెట్ సెంటర్‌కి వచ్చింది. డీఎస్సీ పరీక్ష రాస్తోంది, హాల్ టికెట్టు తియ్యాలి. అప్పటికి ముప్పై దాటాయి ఆమెకి. గోడౌను మానేసి, మా ఊళ్లోనే ఒక ప్రైవేటు బడిలో ఎల్.కె.జి. పిల్లలకి చెబుతోంది. నా పక్కన స్టూలు వేసి కూర్చోబెట్టాను. ఈరోజు చెప్పేద్దామనుకున్నాను. పేజీ తెరుచుకునేలోపు మెల్లగా మొదలుపెడదామని గొంతు సవరించుకున్నాను. కొత్త లైను గదా, సవరించుకునేలోపే హాల్ టికెట్టు ఫొటోతో సహా తెరమీద నిలబడింది. పాత మోడెమైతే నాలుగు మాటలకి వ్యవధి దొరికేది. నా జన్మలో ఒకే ఒక్కసారి నెట్ నెమ్మదిగా ఉంటే బాగుండుననుకున్నది అప్పుడే.

ప్రింటు వస్తుండగా, ఇప్పుడు షెడ్డులో నా బల్లమీదికి మారిన ఎర్ర ఫోను మోగింది. ఎవరో రాంగ్ నంబరు. పెట్టేసి చూస్తే అక్క తెరవైపు, ఫోనువైపు మార్చి మార్చి చూస్తోంది.

"ఇప్పుడు రెండూ ఒకేసారి పనిచేస్తన్నయ్యా?"

"ఆ, అక్కా. కొత్తగా వచ్చింది."

"మంచిది" అంది. ప్రింటు కాగితం మడత పెట్టుకుంటూ, బడిలో జరిగిన ఏదో సంగతి చెబుతున్నట్టు చెప్పింది. "అప్పట్లో ఆ గురువారం ఫోను రాకపోతే, శనివారం నేను పర్చూరు అవతల ఆ బడికి ఎల్లొచ్చాలే. మూడుసార్లు చేశారంట. మూడుసార్లూ ఎంగేజంట. శుక్రవారం సాయంత్రం దాకా చూసి ఇంకో అమ్మాయికి ఇచ్చారంట. 'నిన్నొచ్చినా ఉండేదమ్మా' అన్నాడు ఆ గుమాస్తా."

"తెలిసి కూడా ఎందుకు అడగలేదక్కా? మా గుమ్మంలో నిలబడి నాలుగు దులపాల్సింది. నన్ను కొట్టాల్సింది."

"అమ్మ వద్దంది. అడిగితే బాబాయికి మనసు కష్టమయ్యిద్ది. రేపట్నుంచి ఫోను లేదంటే ఈ వీధిలో ఎవరికి ఏ కబురొచ్చినా ఎట్టా, మన ఒక్కళ్ల కోసం అందరికీ పోగొట్టొద్దంది." లేచి చీర సర్దుకుంది. "ఇప్పుడు మా ఇంట్లో సెల్లుంది గదా. అందుకని చెబుతున్నా."

ఆమె మాటలో కోపం లేదు. ఉంటే నా కోపానికి తోడు దొరికేది. మా నాన్న బరకత్ అనుకున్నదీ, మేమంతా ఉపకారమని మురిసిపోయినదీ ఆరేళ్లపాటు ఎదురింటి నోరు నొక్కిపెట్టింది. మాకు తెలియను కూడా తెలియలేదు. నాన్నకి ఈ సంగతి నేను చెప్పలేదు. ఆయన పోయేదాకా ఆ ఫోను గురించి గొప్పగానే చెప్పుకున్నారు. అక్కకి ఆ డీఎస్సీలో రాలేదు, ఆ తర్వాతదానిలోనూ రాలేదు, ఆపైన వయసు దాటిపోయింది. ఇప్పటికీ అదే ప్రైవేటు బడిలో అ ఆలు దిద్దిస్తోంది. ఆమె దగ్గర దిద్దినవాళ్లే ఇప్పుడు మా ఊళ్లో సగం మంది.

అన్నీ లెక్కపెట్టుకుంటే నెట్ తప్పు ఒక్క గురువారం పూటే. మిగతాదంతా నాది. మా గుమ్మం నుంచి వాళ్ల గుమ్మానికి పది అడుగుల వీధి. వైరు అక్కర్లేదు, నంబరు అక్కర్లేదు. అది దాటి ఒక్క మాట చెప్పడానికి గురువారం మధ్యాహ్నం నుంచి శుక్రవారం సాయంత్రం దాకా నాకు టైముంది. ఆరేళ్లు ఇచ్చినా నేను దాటలేదు, చివరికి ఆమే దాటి వచ్చింది.